అనుబంధ సమస్యల శిక్షణ: నేర్చుకోవలసింది ఎవరు?

ఈ మధ్య ఫోన్లలో ఒక రకం ప్రకటనలు తరచుగా కనిపిస్తున్నాయి. రెండు రోజుల ఆన్‌లైన్ వర్క్‌షాపు, చివర ఒక సర్టిఫికెట్, ‘అటాచ్‌మెంట్ సమస్యలున్న పిల్లలకు చికిత్స చేయడం నేర్చుకోండి’ అని పిలుపు. అటాచ్‌మెంట్ అంటే తనను పెంచే మనిషితో బిడ్డకు ఏర్పడే అనుబంధం. స్కూలు కౌన్సెలర్లు, దత్తత తీసుకున్న తల్లిదండ్రులు, స్వచ్ఛంద సంస్థల్లో పనిచేసేవారు డబ్బు కట్టి చేరుతున్నారు. వాళ్ళ అవసరం నిజమైనదే. ఇంటికి తెచ్చుకున్న నాలుగేళ్ళ పిల్ల ఆరు నెలలైనా ఒళ్ళోకి రాదు. దెబ్బ తగిలితే ఏడవదు, మూలకు పోయి కూర్చుంటుంది. ఇంకొక ఇంట్లో ఇందుకు పూర్తిగా వ్యతిరేకం: పిల్లవాడు కూరగాయల బండివాడి చెయ్యి పట్టుకుని వీధి చివరి దాకా వెళ్ళిపోతాడు, వెనక్కి తిరిగి చూడడు. ఏం చేయాలో పాలుపోని పెద్దలకు ఎవరో ఒకరు దారి చూపాలి కదా.

నాకు మింగుడు పడనిది ఆ ప్రకటనల్లోని వాగ్దానం. ఏడు దశాబ్దాలుగా సాగుతున్న పరిశోధనలో నిలబడిన పద్ధతులను వరసగా చూస్తే, వాటిలో చాలావరకు పిల్లలకు నేరుగా చేసేది ఏమీ ఉండదు. పిల్లల పక్కన ఉన్న పెద్దవాళ్ళ చూపును, మాటను, చేతిని మార్చడమే వాటి పని. అలా మార్చే నిపుణుడికి ఇచ్చే శిక్షణ కూడా ఉపన్యాసాలతో పూర్తయ్యేది కాదు. ఇదంతా ఎందుకో తెలియాలంటే, ముందుగా ఒకే పేరుతో చలామణీ అవుతున్న మూడు సంగతులను విడదీసుకోవాలి.

ఒకే పేరు, మూడు సంగతులు

లండన్‌లోని టావిస్టాక్ క్లినిక్‌లో పనిచేసిన మనోవైద్యుడు జాన్ బౌల్బీ 1951లో ప్రపంచ ఆరోగ్య సంస్థ కోసం ఒక నివేదిక రాశారు. యుద్ధానంతర కాలంలో ఇల్లూ వాకిలీ లేకుండా పోయిన పిల్లల మానసిక స్థితి దాని విషయం. తిండీ బట్టా అమరితే చాలదని, చంటి వయసులో ఎడతెగని ఆప్యాయత పంచే మనిషి కావాలని ఆయన వాదించారు. అప్పట్లో బ్రిటిష్ ఆసుపత్రుల్లో పిల్లల వార్డులోకి తల్లిదండ్రులను రానిచ్చేదే తక్కువ. బౌల్బీ సహచరుడు జేమ్స్ రాబర్ట్‌సన్ 1952లో, ఆసుపత్రిలో ఒంటరిగా ఉన్న రెండేళ్ళ పాప మీద ఒక డాక్యుమెంటరీ తీసి చూపిస్తే వైద్యులకు కోపం వచ్చింది. పిల్ల మొదట అమ్మ కోసం పేచీ పెడుతుంది, తర్వాత బెంగతో వాడిపోతుంది, ఆ తర్వాత అమ్మ వచ్చినా పట్టనట్లు ఉండిపోతుంది. ఆ మూడో దశను చూసి ‘సర్దుకుపోయింది’ అనుకోవడం ఆనాటి నర్సుల అలవాటు. 1959లో ఆసుపత్రుల్లోని పిల్లల బాగోగులను పరిశీలించిన ప్లాట్ కమిటీ తల్లిదండ్రుల రాకపోకల మీద ఆంక్షలు ఎత్తివేయాలని సిఫారసు చేసే దాకా ఈ వాదం నడుస్తూనే ఉంది.

మేరీ ఎయిన్స్‌వర్త్ అనే మనస్తత్వవేత్త 1954లో ఉగాండా వెళ్ళి, పల్లెల్లో తల్లీబిడ్డలను వాళ్ళ ఇళ్ళలోనే నెలల తరబడి గమనించారు. తర్వాత అమెరికాలోని బాల్టిమోర్‌లో అదే పనిని ఇంకా లోతుగా చేసి, ఒక ప్రయోగాన్ని రూపొందించారు. ఏడాది, ఏడాదిన్నర వయసున్న బిడ్డ, తల్లి, ఒక కొత్త గది, కొన్ని బొమ్మలు. సుమారు 20 నిమిషాల్లో ముక్కూమొహం తెలియని మనిషి ఒకరు లోపలికి వస్తారు, తల్లి రెండుసార్లు బయటికి వెళ్ళి రెండుసార్లు తిరిగి వస్తుంది. బిడ్డ గుక్కపట్టి ఏడిస్తే ఆ ఘట్టాన్ని మధ్యలోనే ముగిస్తారు. తల్లి వెళ్ళినప్పుడు బిడ్డ ఎంత ఏడ్చాడన్నది ఇక్కడ కొలత అని చాలామంది అనుకుంటారు. పరిశోధకులు ప్రధానంగా చూసేది తల్లి తిరిగి వచ్చిన క్షణాలను.

పరుగున వచ్చి చంకెక్కి, కాసేపటికి ఊరట పొంది మళ్ళీ బొమ్మల దగ్గరికి వెళ్ళే బిడ్డది భద్రమైన అనుబంధం. చంకెక్కినా ఊరట పొందక, ఎత్తుకుంటే విదిలించుకుంటూ దించితే ఏడుస్తూ ఉండే బిడ్డది ఇంకొక తీరు. అమ్మ వచ్చిందని తెలిసీ తల తిప్పకుండా బొమ్మకారు చక్రం తిప్పుతూ కూర్చునే బిడ్డది మూడో తీరు. ఈ మూడో బిడ్డను చూసి మన ఇళ్ళలో ‘ఎంత బుద్ధిమంతుడో, పేచీయే లేదు’ అని మెచ్చుకుంటారు. గుండె వేగం కొలిచిన పరిశోధకులకు మాత్రం పైకి కనిపించే నిమ్మళం లోపల లేదని తేలింది. 1980లలో మేరీ మెయిన్, జుడిత్ సాలమన్ నాలుగో తీరును వర్ణించారు: తల్లి వైపు నాలుగడుగులు వేసి ఉన్నచోటే బిగుసుకుపోవడం, మొహం పక్కకు తిప్పుకుని దగ్గరికి రావడం వంటివి. దగ్గరికి వెళ్ళాలన్న కోరిక, వెళ్ళాలంటే భయం ఒకేసారి కలిగిన బిడ్డ అలా చేస్తాడని వాళ్ళు వివరించారు.

మొదటి సంగతి ఈ అనుబంధపు తీరులు. వీటిలో ఏదీ రోగం కాదు. ఎనిమిది దేశాల్లో సుమారు 2,000 మంది పిల్లల మీద జరిగిన 32 అధ్యయనాలను 1988లో కలిపి చూసినప్పుడు, మూడింట రెండు వంతుల మందిది భద్రమైన అనుబంధమని తేలింది. అంటే మిగతా మూడో వంతు మామూలు ఇళ్ళలో, మామూలు తల్లిదండ్రుల దగ్గర పెరుగుతున్న పిల్లలే. వాళ్ళందరికీ చికిత్స కావాలనడం, వర్క్‌షాపు నిర్వాహకుడికి తప్ప ఎవరికీ ఉపయోగపడని మాట. నాలుగో తీరు కనిపించిందని ఆ ఇంట్లో హింస జరుగుతోందని తేల్చకూడదని 2017లో ఈ రంగంలోని పేరున్న పరిశోధకులే ఒక ఉమ్మడి ప్రకటనలో హెచ్చరించారు. పిల్లల సంరక్షణ వివాదాల్లో కోర్టులు ఈ సిద్ధాంతాన్ని తప్పుగా వాడుతున్న తీరు గురించి 2021లో 70 మంది నిపుణులు మరో ప్రకటన చేశారు.

రెండో సంగతి, రోగ నిర్ధారణ. అమెరికన్ మనోవైద్యుల సంఘం 2013లో వెలువరించిన మానసిక రుగ్మతల నిర్ధారణ గ్రంథం డీఎస్ఎం-5 ఇక్కడ రెండు రుగ్మతలను విడివిడిగా గుర్తించింది. ఒకటి, బాధలో ఉన్నా ఏ పెద్ద మనిషి దగ్గరా ఓదార్పు కోరని, ఇచ్చినా అందుకోని స్థితి. రెండోది, పరిచయం లేనివాళ్ళతో కూడా జంకు లేకుండా కలిసిపోయి వెళ్ళిపోయే స్థితి. రెండింటికీ ఒక షరతు ఉంది: ఆ బిడ్డ తీవ్రమైన నిర్లక్ష్యంలోనో, మనుషులు పదేపదే మారిపోయే పెంపకంలోనో పెరిగి ఉండాలి. అందుకే ఇవి చాలా అరుదు. మొదటి రుగ్మత అని చెప్పే ముందు ఆటిజం కాదని తేల్చుకోవాలి. దత్తత వచ్చిన పిల్లల్లో ఏ చిక్కు కనిపించినా ‘అటాచ్‌మెంట్ సమస్య’ అని ముద్ర వేయడం వల్ల వినికిడి లోపం, ఏకాగ్రత లోపం, చదువులో ఇబ్బంది, కళ్ళ ముందు జరిగిన దారుణం తాలూకు భయం లాంటివి గుర్తింపునకు నోచుకోకుండా పోతాయి.

మూడోది ఈ రెండింటి మధ్య ఉన్న విశాలమైన మైదానం: అనుబంధ సమస్యలు. రుగ్మత అనేంత తీవ్రత లేకపోయినా, ఇల్లు మారిన పిల్లలు, శిశు గృహ నుంచి వచ్చిన పిల్లలు, మద్యం, హింస ఉన్న ఇంట్లో పెరిగిన పిల్లలు పెద్దవాళ్ళను నమ్మడానికి పడే అవస్థ. శిక్షణ అవసరం ఎక్కువగా ఉన్నది ఇక్కడే. మోసాలు జరిగేదీ ఇక్కడే.

ఈ చర్చ వచ్చినప్పుడల్లా మన ఉమ్మడి కుటుంబాల మాట వస్తుంది. అమ్మమ్మ, పిన్ని, మేనత్త చేతుల మీద పెరిగిన బిడ్డకు అనుబంధం పలచబడుతుందా? ఎయిన్స్‌వర్త్ ఉగాండాలో చూసిన ఇళ్ళలోనూ బిడ్డను ఎత్తుకునే చేతులు చాలానే ఉన్నాయి. బిడ్డ ఒకరికి మించిన మనుషులతో అనుబంధం పెంచుకోగలడు, ఆ మనుషులు కొద్దిమందీ, నిలకడైనవాళ్ళూ అయితే చాలు. ఇబ్బంది మనిషిని హఠాత్తుగా మార్చినప్పుడు వస్తుంది. అమెరికాలో ఉద్యోగాలు చేసే మనవాళ్ళు కొందరు చంటిబిడ్డను గుంటూరులోనో కరీంనగర్‌లోనో అమ్మమ్మ దగ్గర ఉంచి, రెండు మూడేళ్ళ వయసులో వెనక్కి తీసుకువెళ్తుంటారు. అమ్మమ్మ దగ్గర పెరగడంలో లోటు లేదు. ఆ వయసులో ఒక్కసారిగా విమానం ఎక్కించి, మర్నాటి నుంచి డేకేర్‌కు పంపడంలో ఉంది. అమ్మమ్మ కూడా వెంట వెళ్ళి కొన్ని వారాలు అక్కడే ఉండి, పిల్ల రాత్రి లేచి ఏడ్చినప్పుడు మెల్లమెల్లగా తల్లి చేతికి అలవాటు పడేలా చూడటం రాబర్ట్‌సన్ కాలం నుంచీ తెలిసిన ఉపాయమే.

బలవంతపు ప్రేమ

అనుబంధం పేరిట జరిగిన ఘోరాలు తెలియకుండా ఈ శిక్షణల గురించి మాట్లాడటం కుదరదు. 1970ల నుంచి అమెరికాలో ఒక ధోరణి పెరిగింది. దత్తత పిల్లల లోపల అణచివేసుకున్న ఆగ్రహం ఉంటుందని, దాన్ని బలవంతంగా బయటికి రప్పిస్తేనే ప్రేమకు చోటు దొరుకుతుందని దాని సారాంశం. పిల్లలను గంటల తరబడి కదలకుండా పట్టుకోవడం, కళ్ళలోకి చూడమని ఒత్తిడి చేయడం, రెచ్చగొట్టడం చికిత్సగా చలామణీ అయ్యాయి. 2000 ఏప్రిల్‌లో కొలరాడో రాష్ట్రంలోని ఎవర్‌గ్రీన్‌లో, దత్తత వచ్చిన పదేళ్ళ బాలికను దుప్పటిలో చుట్టి, పెద్దవాళ్ళు దిండ్లతో అదిమి, అందులోంచి ‘మళ్ళీ పుట్టమన్నారు’. ఊపిరి ఆడటం లేదని ఆమె ఎన్నిసార్లు చెప్పినా నమ్మలేదు. మొండికేస్తోందన్నారు. ఆ పాప మర్నాడు చనిపోయింది. ఇద్దరు చికిత్సకులకు 16 ఏళ్ళ చొప్పున జైలు శిక్ష పడింది, ఆ పద్ధతిని నిషేధిస్తూ 2001లో ఆ రాష్ట్రం చట్టం చేసింది. జరిగినదంతా వీడియోలో రికార్డయింది. ఆ రికార్డింగే కోర్టులో సాక్ష్యమైంది.

పిల్లల మీద హింసను నివారించే పనిలో ఉన్న అమెరికన్ వృత్తి నిపుణుల సంఘం ఒకటి 2006లో ఈ ధోరణి మొత్తాన్ని పరిశీలించి, బలవంతపు పద్ధతులు వద్దని తేల్చి చెప్పింది. ఇంటర్నెట్‌లో తిరిగే పొడవాటి లక్షణాల చిట్టాలనూ తప్పుపట్టింది. అబద్ధాలాడటం, ఎదురు చెప్పడం, కళ్ళలోకి చూడకపోవడం వంటివన్నీ ఏకరువు పెట్టే చిట్టాలో ఏ పిల్లవాడు పట్టుబడడు? బ్రిటన్‌లో వైద్య మార్గదర్శకాలు రూపొందించే సంస్థ నైస్ 2015లో ఇంకొకటి చేర్చింది: అనుబంధ సమస్యలకు మందులు వాడవద్దు. 

ఇంత జరిగినా ‘పట్టుకునే చికిత్స’ వాసన ఇంకా పూర్తిగా పోలేదు. కోర్సు పాఠంలో పిల్లవాడిని ‘మాయలమారి’గా, ‘అందరినీ ఆడించేవాడి’గా వర్ణిస్తే అక్కడే లేచి రావచ్చు.

మంచి శిక్షణ లోపలి నుంచి

డెలావేర్ విశ్వవిద్యాలయంలో మేరీ డోజియర్ పెంపుడు సంరక్షణలో ఉన్న పసిపిల్లలను గమనిస్తూ ఒక విషయం పట్టుకున్నారు. నిర్లక్ష్యానికి గురైన బిడ్డ కొత్త ఇంట్లో దెబ్బ తగిలినా పెంపుడు తల్లి దగ్గరికి వెళ్ళడు. వెళ్ళకపోతే ఆమె ‘వీడికి నా అవసరం లేదు’ అనుకుని దూరం జరుగుతుంది. బిడ్డ తోసేస్తే తల్లి కూడా తెలియకుండానే తోసేస్తుంది. ఇందులో దుర్మార్గం ఎవరిదీ లేదు, కానీ చక్రం తిరుగుతూనే ఉంటుంది. అందుకని ఆమె రూపొందించిన పది వారాల కార్యక్రమం పెద్దవాళ్ళకు మూడే మూడు నేర్పుతుంది: బిడ్డ అడగకపోయినా ఓదార్చడం, ఆటలో బిడ్డ వెనుక నడవడం, భయపెట్టే పనులు మానడం.

వినడానికి ఇంత తేలికైన సంగతికి శిక్షకురాలు ఏం నేర్చుకోవాలి? ఆమె వారానికి ఒకసారి ఇంటికి వెళ్తుంది. తల్లి, బిడ్డ నేల మీద కూర్చుని ఆడుకుంటుంటే, జరుగుతున్నది జరుగుతుండగానే మాట్లాడాలి. ఉదాహరణకు బాబు గరిటెతో గిన్నె మీద కొట్టాడనుకుందాం. తల్లి ఇంకో గరిటె తీసుకుని తానూ కొట్టింది. శిక్షకురాలు వెంటనే అనాలి: ‘వాడు గిన్నె కొట్టాడు, మీరూ కొట్టారు. అది వాడి దారిన నడవడం. తన పనికి లోకం బదులిస్తుందని వాడికి తెలుస్తోంది.’ ఇందులో మూడు ముక్కలున్నాయి: కళ్ళతో చూసినది, దాని పేరు, దాని ఫలితం. ‘చాలా బాగా చేస్తున్నారండీ’ అనే పొగడ్త ఇక్కడ చెల్లదు, ఎందుకంటే ఏది బాగుందో దాన్నిబట్టి తల్లికి తెలియదు. ఇలాంటి వ్యాఖ్య సుమారుగా నిమిషానికి ఒకటి రావాలి. సంగీతం మేష్టారు శిష్యుడు పాడుతుండగానే ‘ఆ గాంధారం సరిగ్గా పడింది’ అని చెప్పినట్లు, జరిగిన క్షణంలో అందిన మాటే పనిచేస్తుంది. ఒక్క తేడా: తప్పు దొర్లిన చోట ఆపడం ఇక్కడ చాలా అరుదు.

అలా మాట్లాడగలగడం రెండు రోజుల్లో రాదు. ఆ కార్యక్రమంలో శిక్షకులుగా చేరాలనుకున్నవారిని ముందు వడపోస్తారు. తమ బాల్యం గురించి, ఇతరుల సూచనలను స్వీకరించే తీరు గురించి మాట్లాడిస్తారు. కొద్ది రోజుల పరిచయ శిక్షణ తర్వాత దాదాపు ఏడాది పాటు వారం వారం పర్యవేక్షణ ఉంటుంది. ప్రతి ఇంటి సందర్శననూ వీడియో తీస్తారు. శిక్షకురాలు దానిలోంచి ఐదు నిమిషాల ముక్కను తీసుకుని, తల్లి చేసిన ప్రతి పనినీ, తాను అన్న ప్రతి మాటనూ, అనవలసి ఉండి అనకుండా వదిలేసిన ప్రతి సందర్భాన్నీ గుర్తులు పెట్టుకోవాలి. తర్వాత పర్యవేక్షకురాలి లెక్కతో పోల్చుకోవాలి. తన నోటి నుంచి మాట రాని ఆ ఖాళీలను తానే లెక్కపెట్టుకోవడం ఎవరికైనా కష్టమే. నా దృష్టిలో మొత్తం శిక్షణకు ప్రాణం అదే. శిక్షకుల వ్యాఖ్యలు ఎంత తరచుగా, ఎంత సరిగా ఉంటే తల్లిదండ్రుల్లో మార్పు అంత ఎక్కువగా వచ్చిందని పరిశోధనలో తేలింది కూడా.

నెదర్లాండ్స్‌లోని లైడెన్‌లో పుట్టిన వీడియో పద్ధతి దీనికి దగ్గరి చుట్టం. అక్కడ మాట అప్పటికప్పుడు పడదు. ఇంట్లో కొద్ది నిమిషాల దృశ్యం తీసుకువెళ్ళి, నిపుణురాలు ఒక్కో ఫ్రేము చూసుకుని, తర్వాతి సందర్శనలో తల్లితో కూర్చుని ఆపి ఆపి చూపిస్తుంది. మధ్యలో బిడ్డ తరఫున మాట్లాడుతుంది: ‘ఇదిగో, ఇక్కడ మీ వైపు చూశాడు చూడండి, ‘అమ్మా, ఇది పెద్ద శబ్దం చేసింది, భయపడనా?’ అంటున్నాడు.’ మొదటి రెండు సందర్శనల్లో తల్లి బాగా చేసినవే చూపాలి. దిద్దుబాట్లు మూడో దాని నుంచే. మొత్తం ఆరు సందర్శనలు. మరీ తక్కువ అనిపిస్తే, 2003లో ఆ దేశపు పరిశోధకులే 70 అధ్యయనాలను కలిపి చూసి తేల్చిన విషయం గుర్తు చేసుకోవాలి: తల్లి స్పందన మీద సూటిగా గురిపెట్టిన, 16 సందర్శనలకు మించని కార్యక్రమాలే సుదీర్ఘమైన వాటికంటే మెరుగ్గా పనిచేశాయి. నైస్ సంస్థ చిన్నపిల్లల విషయంలో వీడియో పద్ధతులకే మొగ్గు చూపింది.

వీటితో పోలిస్తే, ముందే తయారైన వీడియోలను బృందానికి చూపి చర్చించే ఎనిమిది భాగాల కార్యక్రమం ఒకటి ప్రపంచమంతటా వ్యాపించింది. అమెరికాలోని స్పొకేన్‌లో పుట్టిన ‘సర్కిల్ ఆఫ్ సెక్యూరిటీ’ తాలూకు సంక్షిప్త రూపం అది. నాలుగు రోజుల శిక్షణతో నడిపించవచ్చు కాబట్టి చవక, అందుబాటు ఎక్కువ. తల్లిదండ్రులకు నచ్చుతుంది, మంచి ఆలోచనలు ఇస్తుంది. కానీ తక్కువ ఆదాయ కుటుంబాల్లో జరిపి, 2017లో ప్రచురించిన ఒక యాదృచ్ఛిక పరీక్షలో (కార్యక్రమం ఎవరికి అందాలో చీటీ వేసినట్లు ఎంచే పరీక్ష) పిల్లల అనుబంధపు తీరులో మొత్తం మీద తేడా కనిపించలేదు. ఏడుస్తున్న పిల్లలతో తల్లులు కటువుగా ఉండటం మాత్రం కొంత తగ్గింది. అంతమాత్రాన అది పనికిరాదని నేను అనను. తల్లి తనను తాను తెరమీద చూసుకోవడానికీ, వేరే తల్లిని చూడటానికీ తేడా ఉందని అంటాను.

అమెరికన్ సైకాలజిస్టు డాన్ హ్యూస్ రూపొందించిన మరో పద్ధతి కాస్త పెద్ద పిల్లలకు, దత్తత కుటుంబాలకు ఉద్దేశించినది. సరదా ధోరణి, అంగీకారం, కుతూహలం, సహానుభూతి దాని నాలుగు కాళ్ళు. దానిలోనూ తరగతులు పూర్తయ్యాక, తన సెషన్ల వీడియోలను సలహాదారుకు చూపిస్తూ సాగే సాధన దశ దాటితేనే గుర్తింపు.

శిక్షణ ఉంటే సరిపోతుందా

రష్యాలోని సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో మూడు శిశు సదనాల మీద జరిగిన అధ్యయనం 2008లో వెలువడింది. మనకు బాగా పనికివచ్చే అధ్యయనం అది. ఒక సదనంలో సిబ్బందికి శిక్షణ ఇచ్చారు, ఏర్పాట్లు కూడా మార్చారు: పెద్ద గుంపులను చిన్నవి చేశారు, ఒక్కో గుంపుకు నిలకడైన ముఖ్య సంరక్షకులను పెట్టారు, వయసు పెరిగినప్పుడల్లా పిల్లలను వేరే వార్డుకు మార్చడం మానేశారు. రోజూ కొంతసేపు ఏ పనీ పెట్టుకోకుండా ఆయాలు పిల్లలతో కేవలం గడపాలన్నారు. రెండో సదనంలో శిక్షణ మాత్రమే. మూడో దానిలో ఏ మార్పూ లేదు. మొదటి సదనంలోని పిల్లలు ఎదుగుదలలో, నడవడికలో, చివరికి శరీర పెరుగుదలలో కూడా ఎక్కువ ముందుకు వెళ్ళారు. శిక్షణ మాత్రమే అందిన చోట మేలు తక్కువ. ఎవరెంత నేర్చుకున్నా, రేపు ఆ బిడ్డ దగ్గర ఉండేది వేరే మనిషైతే నేర్చుకున్నది ఎవరికి అందుతుంది?

రుమేనియాలో 2000 దశకం ఆరంభంలో మొదలైన బుకారెస్ట్ అధ్యయనం దీన్ని ఇంకా ముందుకు తీసుకువెళ్ళింది. సదనాల్లో ఉన్న 136 మంది పసిపిల్లల్లో సగం మందిని చీటీ వేసినట్లు ఎంచి పెంపుడు కుటుంబాలకు పంపారు. ఆ కుటుంబాల వెనుక సోషల్ వర్కర్లు నిలబడ్డారు. ‘ఎప్పటికైనా వెళ్ళిపోయే పిల్ల’ అని చేయి వెనక్కి లాక్కోకుండా సొంత బిడ్డలా ప్రేమించమని చెబుతూ, ఆ కష్టాన్ని పంచుకుంటూ. రెండేళ్ళ వయసు లోపు కుటుంబానికి చేరిన పిల్లల్లో భద్రమైన అనుబంధం ఎక్కువగా ఏర్పడింది. ఓదార్పు కోరని ముభావం చాలావరకు కరిగింది. పరిచయం లేనివాళ్ళ వెంట వెళ్ళిపోయే లక్షణం మాత్రం అంత సులభంగా లొంగలేదు. దత్తత తల్లిదండ్రులకు ఈ చివరి సంగతి ముందే చెప్పాలి. లేకపోతే అది తమ ప్రేమలోని లోపమని కుమిలిపోతారు.

ఇక మన దగ్గరికి వద్దాం. తెలుగు రాష్ట్రాల్లో ఆరేళ్ళ లోపు అనాథ, పరిత్యక్త శిశువులు చేరేది శిశు గృహలకు, దత్తత సంస్థలకు. కేంద్ర పథకం లెక్కలో పదిమంది పిల్లల యూనిట్‌కు ఆరుగురు ఆయాలు. కాగితం మీద బాగానే ఉంది. మూడు షిఫ్టులకు పంచితే షిఫ్టుకు ఇద్దరు, ఒక్కొక్కరికి ఐదుగురు పసివాళ్ళు. వారాంతపు సెలవు, జ్వరం, ఊళ్ళో పెళ్ళి తీసేస్తే ఇంకా పలచన. ఒక చంటిబిడ్డకు పొద్దున స్నానం చేయించే చెయ్యి ఒకటి, మధ్యాహ్నం పాలు పట్టేది మరొకటి, రాత్రి పక్క మార్చేది ఇంకొకటి. ఆయాలకు ‘ప్రేమగా చూసుకోండి’ అని పాఠం చెప్పే ముందు, ఫలానా ఇద్దరు పిల్లలకు స్నానం, పాలు, నిద్రపుచ్చడం ఫలానా ఆయాదే అని డ్యూటీ చార్టులో రాయవచ్చు. ఖర్చు లేని మార్పు అది. సూపరింటెండెంటుకు నచ్చని మార్పు కూడా, ఎందుకంటే సెలవు వచ్చినప్పుడల్లా చార్టు తారుమారవుతుంది. శిక్షణలో మొదటి పాఠం ఆయాలకంటే ముందు ఆమెకు పడాలి.

బెంగళూరులోని జాతీయ మానసిక ఆరోగ్య సంస్థ నిమ్‌హాన్స్‌లో 2020లో కేంద్ర మహిళా శిశు అభివృద్ధి శాఖ మద్దతుతో ‘సంవాద్’ ఏర్పడింది. బాలల సంక్షేమ సమితులు, సదనాల సిబ్బంది, కౌన్సెలర్లు, న్యాయ రంగంలోనివారికి అది శిక్షణ ఇస్తోంది. కష్టంలో ఉన్న పిల్లలతో ఎలా మాట్లాడాలన్న ప్రాథమిక పాఠాలకు మన దేశంలో ఇప్పుడు వెతకవలసిన చోటు అది. వ్యక్తిగత చికిత్స కోసం వెళ్ళేవారు మాత్రం ఎదుటి మనిషి ఎవరో అడిగి తెలుసుకోవాలి. క్లినికల్ సైకాలజిస్టుకు భారత పునరావాస మండలి రిజిస్టర్‌లో పేరు ఉంటుంది, ఎవరైనా సరిచూసుకోవచ్చు. ‘చైల్డ్ అటాచ్‌మెంట్ స్పెషలిస్టు’ అన్న బోర్డుకు అలాంటి రిజిస్టరు ఏదీ లేదు.

టీచర్ల సంగతి ఒక్క మాటలో: వాళ్ళు చికిత్సకులు కానక్కర్లేదు. హాస్టల్ నుంచి వచ్చే పిల్లవాడికి పొద్దున పేరు పెట్టి పలకరించే ఒక మనిషి బడిలో నిలకడగా ఉండటం, వాడు కోపంతో పుస్తకం విసిరినప్పుడు తరగతి బయట ఒంటరిగా నిలబెట్టకుండా ఆ మనిషి పక్కన కూర్చోబెట్టడం వాళ్ళ పరిధిలోని పనులే.

కోర్సుకు డబ్బు కట్టే ముందు నిర్వాహకులను అడగవలసింది పెద్దగా లేదు. నేను చేసిన పనిని మీరు చూస్తారా, ఎన్ని నెలలు చూస్తారు? పిల్లవాడి తల్లి గానీ, ఆయా గానీ గదిలో ఉంటారా? బలవంతంగా పట్టుకోవడం గురించి మీ మాట ఏమిటి? మొదటి ప్రశ్నకు ‘అన్నీ స్లైడ్లలో ఉంటాయి’ అని జవాబు వస్తే, ఆ డబ్బుతో పిల్లకు ఒక సైకిలు కొనిపెట్టడం మేలు.

2022 నాటి దత్తత నిబంధనల ప్రకారం, పిల్ల ఇంటికి చేరిన తర్వాత రెండేళ్ళ పాటు ఆరు నెలలకు ఒకసారి సోషల్ వర్కర్ వచ్చి చూసి నివేదిక రాయాలి. అంటే ప్రతి దత్తత కుటుంబానికీ నాలుగు సందర్శనలు చట్టబద్ధంగా ఇప్పటికే ఉన్నాయి. ఇప్పుడు వాటిలో ఎక్కువ భాగం ఫారం నింపడానికి, ఫొటో తీయడానికి, పెద్దవాళ్ళు తెచ్చిన కాఫీ తాగడానికి సరిపోతోంది. తల్లిదండ్రుల అనుమతితో పది నిమిషాల ఆటను వాళ్ళ ఫోనులోనే తీసి, వాళ్ళ పక్కనే కూర్చుని, పిల్ల ఎప్పుడెప్పుడు వాళ్ళ వైపు చూసిందో ఆపి చూపించడానికి కొత్త చట్టం అక్కర్లేదు, కొత్త పరికరాలూ అక్కర్లేదు. వచ్చే సోషల్ వర్కర్‌కు ఆ చూపు నేర్పాలి. ఆమె ఏం చూసిందో, ఏం చూడకుండా వదిలేసిందో చెప్పగలిగే పర్యవేక్షకులు ప్రతి జిల్లా బాలల పరిరక్షణ విభాగంలో ఒక్కరైనా ఉండాలి. ఆ పోస్టు ఏడాదికో కాంట్రాక్టు మారేది కాకుండా చూడాలి.